నా జేబులో ఉన్న ఫైలు

ఏళ్లుగా ఒక మాట గొంతుకు అడ్డం పడి ఉంది. కక్కలేను, మింగలేను. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెబుతున్నాను. తెలిసినవాళ్ల ముందు నోరు పెగలదు.

బేతంచెర్లలో నాదొక నెట్ సెంటర్. రోడ్డుకు అవతల మరియమ్మక్కది ఇంకొకటి ఉండేది. ఆమె భర్త రాళ్ల గనిలో పోయాడు. ఆమె నాపరాళ్ల పాలిష్ ఫ్యాక్టరీకి పోకుండా కాపాడింది ఆ అంగడిలోని ఒకే ఒక్క పాత కంప్యూటర్. మాదీ వాళ్లదీ ఒకటే చర్చి. ఆమె మిషన్‌కు ఏ జబ్బు చేసినా నన్నే పిలిచేది. జనం మాత్రం ఆమె దగ్గరికే ఎక్కువ పోయేవాళ్లు. విసుక్కోదు, అర్థమయ్యేదాకా చెబుతుంది. అది చూస్తే నాకు కడుపు మండేది. ఇంతకంటే పెద్ద కారణం ఏమీ లేదు. ఉంటే బాగుండేది.

ఒకరోజు డాక్యుమెంట్లు చూసే పాత ప్రోగ్రాం ఒకటి తీసేయమంది. కంప్యూటర్‌లో కొన్ని ఫైళ్లు ఏ ఒక్క ప్రోగ్రాం సొత్తూ కావు. ఒకే బోరు నీళ్లు నాలుగు చేన్లకు పారినట్టు, అన్నీ కలిసి వాటిని వాడుకుంటాయి. అలాంటి ఒక ఫైలు దగ్గర మిషన్ ఆగి నన్ను అడిగింది: దీన్ని మిగతా ప్రోగ్రాములు కూడా వాడుతుండవచ్చు, తీసేయమంటారా? డాక్యుమెంట్‌లోని అక్షరాలను తెరమీదికి తెచ్చే ఫైలు అది. వద్దని నొక్కాలని నాకు తెలుసు. ముందు దాన్ని నా పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకున్నాను. తర్వాత అవునని నొక్కాను. పొరపాటే అయితే కాపీ ఎందుకు తీసుకుంటాను?

ఆనాటి నుంచి ఏ డాక్యుమెంట్ తెరిచినా తెల్లగానే వచ్చేది. ఇంకో ప్రోగ్రాంతో తెరిచినా అంతే, అదీ ఆ ఫైలు మీదే బతికేది. జనం రోడ్డు దాటి నా దగ్గరికి వచ్చారు.

"ఏం తమ్ముడా, మళ్లీ తెల్లగే కనపడతాండాది. ఇంగ బాగుకాదా?"

"పాత మిషన్ కదక్కా. లోపలంతా చెడిపోయిండాది. కొత్తది కొనాల్సిందే."

"కొత్తది యాడ తెచ్చేది? ఇది లేకుంటే, మీ బావను మింగిన ఆ రాళ్ల కాడికే నేనూ పోవల్ల."

నేను రోడ్డు దాటి నా అంగడికి వచ్చేశాను.

ఆదివారం ఆరాధన అయ్యాక పాస్టరయ్య, సంఘంలోని ఆడవాళ్లు ఆమె అంగడికి వచ్చారు. నవ్వకండి. బోరులో నీళ్లు పడకపోతే బోరు దగ్గర నిలబడి ప్రార్థన చేసేవాళ్లం మేము. అందరూ కంప్యూటర్ మీద చేతులు పెట్టారు. నా చెయ్యి కూడా పట్టి పెట్టించారు. పెన్‌డ్రైవ్ నా చొక్కా జేబులోనే ఉంది. ప్రార్థన అయ్యాక, ఒకసారి చూస్తానక్కా అని కూర్చుని ఆ ఫైలు తిరిగి పెట్టి ఉంటే, దేవుడు విన్నాడని సంఘమంతా స్తోత్రం చెప్పేది, నేను చేసింది ఏ ఒక్కరికీ తెలిసేది కాదు. నేను తప్పించుకోవడానికి కూడా ఆయన దారి తెరిచాడేమో. నేనేం చేశాను? అందరికంటే గట్టిగా ఆమెన్ అన్నాను. పాస్టరయ్య ఒక డాక్యుమెంట్ తెరిపించాడు. తెల్లగా వచ్చింది.

మరియమ్మక్క అంగడి మూసి ఫ్యాక్టరీకి పోయింది. ఇప్పుడు రాతిదుమ్ముకు దగ్గుతుంది. చర్చిలో వెనక నుంచి ఆ దగ్గు వినపడితే నాకు దేవుని వాక్యం చెవికెక్కదు. దాన్నైనా ఓర్చుకుంటానేమో. సంఘం ముందు సాక్ష్యం చెప్పే వంతు వచ్చినప్పుడల్లా ఆమె లేచి, తనలో ఏదో పాపం దాగి ఉందని, అందుకే ఆనాడు దేవుడు తన మొర వినలేదని, అదేమిటో చూపించమని ఏడుస్తుంది. ఏళ్లుగా వెతుక్కుంటోంది. లేనిదాన్ని ఎక్కడ చూపిస్తాడు?

పోయిన ఆదివారం కూడా ఏడ్చింది. లేచి చెప్పేద్దామనుకున్నాను. లేవలేదు. భార్య పక్కన ఉందని, పిల్లలు చూస్తున్నారని, నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. పిరికివాడికి సాకులకేం తక్కువ?

క్షమించమని మిమ్మల్ని అడగను. క్షమించాల్సింది మీరు కాదు. ఇంత చెప్పాక ఊపిరి కొంచెం ఆడుతోంది, అంతే. ఆమె ముందు ఎప్పటికైనా అనగలనో లేదో తెలియని మాట ఇక్కడ అంటున్నాను.

అక్కా, ఆ పాపం కోసం నీలో ఇంక వెతకొద్దు. అది నా దగ్గరుంది.