పాపకు ఈత రాదు

పనికోసం వచ్చిన అరబ్బు దేశంలో, ఫర్వానియా వెళ్లే బస్సులో ఉండగా ఊరి నుంచి తమ్ముడు ఫోన్ చేశాడు. "నువ్వొచ్చేదాకా ఉంచల్యాకపోతిమి అక్కా. పాపను మట్టి చేసేసినాం" అన్నాడు.

నా కూతురికి ఏడేళ్లు. చున్నీ నోట్లో కుక్కుకుని ఏడ్చాను.

పక్క సీట్లో తెల్లగడ్డం ముసలాయన తన రుమాలు నా చేతిలో పెట్టి, "ఎవరు పోయారు?" అని అరబ్బీలో అడిగాడు. చెప్పాను.

"ఏడవకు బిడ్డా" అన్నాడు. నాకు ఒళ్లు మండింది. ఏడవక ఏం చేయమంటాడు?

తాను ఇరాక్ నుంచి వచ్చిన మందాయీ మతస్థుణ్ణని చెప్పాడు. "మనం ఏడిస్తే ఆ కన్నీళ్లు నదిలా మారి, పోయినవాళ్ల దారికి అడ్డం పడతాయని మా నమ్మకం. అవతలి గట్టున ఉథ్రాలు, మా వెలుగుదూతలు, వెలుగుబట్టలు పట్టుకుని ఎదురుచూస్తుంటారు. అక్కడికి నలభై ఐదు రోజుల నడక."

"మా పాపకు ఈత రాదు" అన్నాను.

"అందుకే చెబుతున్నా."

అల్ రాయ్‌లో దిగబోతూ, "నా భార్యకు నిన్నటితో నలభై ఐదు నిండాయి. చేరిపోయింది" అన్నాడు.

బస్సు కదులుతుంటే కిటికీలోంచి చూశాను. స్టాపులో బెంచీ మీద కూలబడి, ముఖం చేతుల్లో దాచుకుని, ఆయన వెక్కివెక్కి ఏడుస్తున్నాడు.

నేను హిందువును. ఆ దూతలు మా పాపను గుర్తుపడతారో లేదో తెలియదు. అయినా ఏడవలేదు.

నలభయ్యో రోజున, మిష్రిఫ్‌లో నేను పనిచేసే ఇంటి యజమానురాలు, నేను మామా అని పిలిచే ఆమె, నా ముఖం చూసి, "మంచిదే, తొందరగానే మరిచిపోయావు" అంది.

ఇంకా ఐదు రోజులున్నాయని ఆమెకు చెప్పలేదు. కళ్లు గట్టిగా మూసుకుని, తెరిచి, గిన్నెలు కడగడానికి వెళ్లాను.