ఉబ్బని రొట్టె, ఓడని నోరు

కొత్త రాష్ట్రం వచ్చిన ఆ రోజుల్లో అందరికీ ఏదో ఒకటి మార్చెయ్యాలనే తొందర ఉండేది. కొందరు బోర్డులు మార్చారు, కొందరు కండువాలు మార్చారు, నేను మా బాపు కంచం మార్చాలని పట్టుబట్టాను. అప్పటికి భువనగిరి ఇంకా నల్లగొండ జిల్లాలోనే ఉంది. అక్కడొక ప్రైవేటు జూనియర్ కాలేజీలో జువాలజీ చెప్పేదాన్ని. పొద్దున బస్సెక్కి పోయి, సాయంత్రం బస్సులో మా నేతగాళ్ళ ఊరికి తిరిగొచ్చేదాన్ని. ఉద్యోగం కొత్త, జీతం చిన్నది, నోరు మాత్రం ఇప్పుడున్నంతే ఉండేది. (ఎమ్మెస్సీ చదివితే తగ్గుతుందని అమ్మ ఆశపడింది. చదువు దానికి సాన పట్టింది.)

బాపుకు షుగరని దవాఖానలో చెప్పిన నెలకే అక్క కాన్పుకని అమ్మ దేవరకొండ పోవలసి వచ్చింది. పోతూ పోతూ గడపలో నిలబడి, "మీ బాపు రాత్రిపూట బువ్వ మానేటట్టు జూడు. నా మాట ఇంటలేడు. నీతోనైతే వాదించే ఓపిక ఆయనకు లేదు," అని నాకు అప్పగించింది. జీవితంలో మొదటిసారి నా నోటికి ఇంట్లో ఒక పదవి దొరికింది. కానీ బాపు వాదించే మనిషి కాదు, తినే మనిషి. జొన్నరొట్టె పెడితే రెండు తిని, నీళ్ళు తాగి, "రొట్టె తిన్న గద బిడ్డా, ఇగ బువ్వ పెట్టు," అని కంచం ముందుకు జరిపేవాడు.

అట్లాంటి సమయంలో ఫోనులో రై బ్రెడ్డు చేసే వీడియో కంటపడింది. రై అంటే చలిదేశాల్లో పండే ధాన్యం, గోధుమకు దూరపు చుట్టం. ఆ రొట్టె ఒక్క ముక్క తింటే కడుపు నిండుతుందని వీడియోలో ఆవిడ చెప్పింది. పేపర్లు దిద్దడానికి హైదరాబాద్ పోయినప్పుడు ఒక పెద్ద దుకాణంలో వెతికి వెతికి కిలో పిండి పట్టుకొచ్చాను. బాపును కన్న మా అవ్వ ఆ పిండిని రెండు వేళ్ళతో నలిపి చూసింది.

"గీ బూడిదేందే?"

"రై పిండి అవ్వా. బ్రెడ్డు చేస్త."

"మన జొన్నలు ఏం పాపం జేసినయ్?"

"జొన్నరొట్టె తిన్నంక నీ కొడుకు మళ్ళ బువ్వ తింటుండు. గది పాపం."

మగ్గం మీద నుంచి బాపు గొంతు వినిపించింది. "సరే బిడ్డా. నీ రొట్టె బ్రెడ్డు లెక్క ఉబ్బిందనుకో, రాత్రి బువ్వ ఇడ్సిపెడ్త. ఉబ్బలేదనుకో, నా కంచం సంగతి మళ్ళ ఎత్తొద్దు."

ఒప్పుకున్నాను. ఓడిపోతే అమ్మకు ఏం మొహం చూపించాలన్నది అప్పుడు తట్టలేదు. ఆదివారం పొద్దున పొయ్యి దగ్గర తట్టింది, అప్పటి నుంచి కాలు ఒక చోట నిలవలేదు.

చెయ్యడం కష్టమేం కాదు. రై పిండిలో కొంచెం గోధుమపిండి, ఉప్పు, బెల్లం, బేకరీలో అడిగి తెచ్చుకున్న చిటికెడు ఈస్టు కలిపి, గోరువెచ్చని నీళ్ళు పోసి, ఉబ్బే దాకా గుడ్డ కప్పి పెట్టాలి. నీళ్ళు చెంబులో పోసి గట్టు మీద పెట్టాను. పక్కన పొయ్యి మీద అవ్వ జొన్నరొట్టెల కోసం పెట్టిన ఎసరు కుతకుతలాడుతోంది. జొన్నపిండికి జిగురుండదు, మరిగే నీళ్ళు పోస్తేనే మాట వింటుంది. మా ఇంట్లో ఆడపిల్లకు అక్షరాల కంటే ముందు అబ్బే విద్య అది. అవ్వ నా చెంబులో వేలు ముంచి, "గీ సల్ల నీళ్ళకు పిండి ఇనదు," అంది. ఈస్టుకు ప్రాణం ఉంటుందని, వేడి తగిలితే చస్తుందని నేను పాఠం మొదలుపెట్టాను. "పాణమున్నదాన్ని పొయ్యి మీద పెడ్తవానే?" అంది అవ్వ. ఇక నన్ను ఆపేదెవరు? వాదిస్తూనే నీళ్ళు పోశాను, వాదిస్తూనే తెడ్డుతో కలిపాను, వాదిస్తూనే పిసికాను. చేతికి కాస్త చురుక్కుమంది. వాదన వేడి అనుకున్నాను.

గంట అన్నారు వీడియోలో. నేను పది నిమిషాలకొకసారి గుడ్డ ఎత్తి చూశాను. వంటింటి నుంచి మగ్గం దాకా, మగ్గం నుంచి వాకిలి దాకా, వాకిలి నుంచి మళ్ళీ గిన్నె దాకా తిరిగాను. గిన్నెను ఎండలో పెట్టాను, నీడలో పెట్టాను, దుప్పటి కప్పాను. బాపు మగ్గం మీద పోగుల మధ్య నాడెను అటూ ఇటూ విసురుతూ, "లేసిందా బిడ్డా?" అని అడిగేవాడు. "పండుకుంది. లేస్తది," అనేదాన్ని. అవ్వ మగ్గం పక్కన కూర్చుని, వెంట్రుక కంటే సన్నటి పట్టుపోగు తెగితే వేళ్ళ మధ్య నలిపి అతికిస్తూ, "జర కూసోవే, నిన్ను జూస్తె నాకు తల తిరుగుతుంది," అంది. మూడు గంటలు గడిచినా ముద్ద ముద్దలాగే ఉంది. ఇక ఆగలేక కుక్కరు అడుగున ఇసుక పోసి, విజిలు తీసేసి, దాన్ని అట్లాగే కాల్చాను.

బయటికి తీసి గట్టు మీద పెడితే గట్టి చప్పుడైంది. కత్తి దిగలేదు. బాపు వచ్చి వేళ్ళతో కొట్టి చూసి, "మగ్గం కాళ్ళ కింద పెడ్తె మగ్గం కదలకుంట ఉంటది," అన్నాడు. అప్పుడే గట్టు మీద చెంబు కనిపించింది. గోరువెచ్చని నీళ్ళు చల్లారిపోయి, నిండుగా అట్లాగే ఉన్నాయి. పొయ్యి పక్కన ఎసరు గిన్నె ఖాళీగా ఉంది, అవ్వ జొన్నపిండి మాత్రం పొడిగానే ఉంది.

"అవ్వా, నువ్వే పోసినవ్. మరిగే నీళ్ళు పోసి నా ఈస్టును చంపినవ్."

అవ్వ నా దిక్కు చూసింది. తర్వాత తన కొడుకు దిక్కు చూసింది. "పోసిన తియ్యే. ముసలిదాన్ని, కండ్లు కనవడ్తలెవ్వు. ఏ నీళ్ళేందో ఎర్కలేదు," అంది.

"చూసినవా బాపూ, నేను ఓడలె. నన్ను ఓడగొట్టిన్రు."

బాపు గడ్డం గోక్కున్నాడు. "మా అమ్మ తప్పుకు నువ్వు ఓడినట్టు కాదు గదా. సరే, మాట మాటే," అన్నాడు. ఆ రాత్రి రెండు జొన్నరొట్టెలు తిని లేచి చెయ్యి కడుక్కున్నాడు. అమ్మ వచ్చేసరికి అది అలవాటైపోయింది. గెలిచానని కాలేజీ స్టాఫ్ రూములో వారం రోజులు చెప్పుకున్నాను. అవ్వను మాత్రం ఏళ్ళ తరబడి, పోయేదాకా, ఈస్టును చంపినదానివని దెప్పుతూనే ఉన్నాను. ఆమె బోసినోటితో నవ్వేది.

మొన్న మళ్ళీ రై రొట్టె మొదలుపెట్టాను. ఇప్పుడు ఓవెన్ ఉంది, కొలత గిన్నెలున్నాయి. ఫోను భుజానికి నొక్కిపెట్టి అక్కతో ఏదో విషయానికి గట్టిగా వాదిస్తూ పిండి గిన్నె దగ్గరికి వచ్చాను. చూసుకుంటే నా కుడిచెయ్యి పొయ్యి మీద టీ కోసం మరుగుతున్న నీళ్ళ గిన్నెను పట్టుకుని ఉంది. నేను పట్టుకోమని చెప్పలేదు. చిన్నప్పటి నుంచి నేర్చిన చెయ్యి, పిండి కనిపించగానే దాని పని అది చేస్తోంది. ఫోను పెట్టేశాను. (అక్క ఇప్పటికీ తానే గెలిచాననుకుంటోంది.) వెంట్రుకంత పోగు అతికించే మనిషికి కండ్లు కనబడకపోవడమేమిటని అన్నేళ్ళలో ఒక్కసారైనా ఆలోచించానా?

ముందుగదిలో ఉన్న బాపు దగ్గరికి పోయి, "ఆనాడు ఎసరు పోసింది నేనే," అన్నాను.

"నాకెర్కే. మగ్గం మీద కూసుంటె వంటిల్లంత కనవడ్తది."

"మరి అప్పుడే చెప్పొచ్చు గద?"

"మా అమ్మ ఒప్పుకున్నంక ఇగ నేనేం చెప్పాలె? నువ్వు గెలిచినవ్, నా షుగర్ తగ్గింది," అన్నాడు. "ఆమెకు కావాల్సింది గదే."

వంటింట్లోకి వచ్చి, గోరువెచ్చని నీళ్ళతో పిండి కలిపాను. గంటసేపు గుడ్డ ఎత్తకుండా కూర్చున్నాను. రొట్టె ఉబ్బింది. అవ్వ ఉంటే వేలితో నొక్కి చూసి, లోపలంతా గాలేనని తీసిపారేసేది. ఈసారి నేను ఎదురు మాట్లాడేదాన్ని కాదు. (సరే, ఒక్క మాట అనేదాన్ని.)