ఆడిట్ గదిలో ముప్పైఒక్క సార్లు చచ్చిన నటి

ఒక నటి జీవితకృషిని ఎక్సెల్‌లో పెట్టి నేను ఉద్యోగం ఎలా పోగొట్టుకోబోయానో చెబుతాను. తాపీగా కూర్చోండి, ప్రమాదం మూడో పేరాలో ఉంది.

పటాన్‌చెరు మందుల ఫ్యాక్టరీలో క్వాలిటీ ట్రైనీని. పాత జపాన్ సినిమాల నటి ఒకావిడ మీద నాకు పిచ్చి పట్టింది. పేరు చెప్పను, చెబితే మీకూ పడుతుంది. మొదట్లో రాక్షసబల్లిని చూసి పరుగెత్తే గుంపులో ఒకతె, తర్వాత కత్తి పట్టిన నాయిక, నలభై దాటాక దెయ్యం. ఆమె సినిమాలు దొరికినవన్నీ చూసి తీరాలని పట్టుబట్టి చూశాను. ముప్పైఒక్కింటిలో చచ్చిపోయింది. ప్లాంట్‌లో ఏ పొరపాటు జరిగినా ఏం జరిగింది, కారణం, నివారణ, స్థితి అని నాలుగు గడుల్లో రాస్తాం. ఆమె చావులనూ అలాగే రాశాను. "వంతెన మీద నుంచి నదిలో పడి మృతి. కారణం: రెయిలింగ్ లేదు. నివారణ: రెయిలింగ్ బిగించాలి. స్థితి: ముగిసింది."

జపాన్ కొనుగోలుదారుల ఆడిటర్ వచ్చాడు. ఆడిట్ బాగా జరిగితేనే నాకు పర్మనెంట్. పొరపాట్ల రిజిస్టర్ అడిగితే, ధీమాగా దాని పక్క ఫైలు నొక్కి తెర నిండా ఆమె చావులు పరిచాను.

మేనేజర్ యాదగిరి సార్ నా చెవి దగ్గరికి వంగారు. "ఏందయ్యా ఇది? మన ప్లాంట్ల ఆడమనిషి సచ్చిందా?"

"మన ప్లాంట్ కాదు సార్. జపాన్ల."

"వాళ్ల మనిషిని మనం సంపినమా?"

"సినిమాల సార్."

"ముప్పైఒక్క సార్లా?"

"ఇంకా ఉన్నయ్ సార్, దొరకలే."

"ఇగ నీకు పర్మనెంట్ లెటర్ గూడ దొరకది. జల్దీ మూసెయ్."

మూయబోతే ఆడిటర్ చెయ్యెత్తాడు. పొద్దుటినుంచి రిజిస్టర్ తప్ప మరో మాట అడగని పెద్దమనిషి, లేచి తెర దగ్గరికెళ్లి వరుస తర్వాత వరుస చదివాడు. ఏసీలోనూ నా చొక్కా చల్లనీళ్ల పైపులా చెమర్చింది. మంచుతుఫాను సినిమా దగ్గర వేలు ఆగింది.

"ఇందులో ఆమె చివర్న దెయ్యమై తిరిగొస్తుంది," అన్నాడు నెమ్మదైన ఇంగ్లీషులో. "ముగిసిందని ఎలా రాశారు?"

"నాకు దొరికిన కాపీ మంచులోనే ఆగిపోయింది సార్."

"ఆధారం పూర్తిగా చూడకుండా మూసేశారు," అంటూ రాసుకున్నాడు.

తర్వాత తెరిచిన అసలు రిజిస్టర్‌లో ఒక్క తప్పూ దొరకలేదు. రిపోర్టులో ఉన్న ఒకే ఒక్క లోపం మంచుతుఫానుది.

"నెల రోజులల్ల సాక్ష్యంతోని జవాబియ్యాలె," అన్నారు సార్. "పో, ఆ దెయ్యాన్ని పట్టుకొని రా. అప్పటిదాంక నీ లెటర్ నా టేబుల్ల ఉంటది."

మూడు వారాలు వెతికి పూర్తి కాపీ పట్టాను. నిజమే, వచ్చింది, తెల్లచీర లాంటిదేదో కట్టుకుని. లెటరూ వచ్చింది.

అందుచేత పాఠకుల సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను: ఆఖరి పేర్లు పడి తెర నల్లబడేదాకా, ఎవరి చావునూ ఇక 'ముగిసింది' అని రాయను.