అబూ హలీఫా నుంచి వఫ్రాకు, లుంగీ కట్టిన బ్రెజిల్ సౌండ్ మనిషితో

కువైట్‌లో సౌదీ సరిహద్దు పక్కనున్న వఫ్రా తోటలు చూడ్డానికి వెళ్తున్నాం, దారి చెప్పమని ఈమధ్య చాలామంది అడుగుతున్నారు. నాకు గుర్తున్న వఫ్రా దారి మాత్రం ఇరాక్ సైన్యం కువైట్‌లో దిగిన ఆగస్టు నాటిది. అప్పుడు నేను అబూ హలీఫాలో పికప్ డ్రైవర్ని. ఎడారిలో తీయబోయే ఓ బ్రెజిల్ సినిమాకి చప్పుళ్ళు రికార్డు చేయడానికి ముందుగా వచ్చిన జెనారో అనే పెద్దాయన్ని తిప్పడం నా పని. ఆయన యూనిట్ రాకముందే సైన్యం వచ్చింది. మనవాళ్ళని వదిలేసి మిగతా విదేశీయుల్ని పట్టుకెళ్ళి హోటళ్ళలో పెడుతున్నారని విన్నాక ఆయనకి నిద్ర లేదు, ఆయన వల్ల నాకూ లేదు. ఇంతలో వఫ్రా తోటలో పనిచేసే కడప ఓబులేసు నుంచి కబురొచ్చింది. అక్కడ బదూ ఒకడు, అంటే ఎడారి తెగవాడు, మనుషుల్ని దొంగదారిన సౌదీకి దాటిస్తున్నాడట.

జెనారోది అచ్చం మా అమలాపురం రంగే. లుంగీ కట్టించి, "దారిలో ఎవరడిగినా నోరు విప్పకండి మహానుభావా" అని నాకొచ్చిన ఇంగ్లీషులో బతిమాలి, పొద్దున్నే బయల్దేరదీశాను. ఫహాహీల్, మీనా అబ్దుల్లా దాటాక కుడికి తిరగాలి. ఇప్పుడది గంట దారి, టాక్సీకి పది పన్నెండు దినార్లు అడుగుతారు. ఆరోజు మాకు మధ్యాహ్నం దాటింది. బండిలో ఏసీ లేదు, ఒంట్లో ఓపికా లేదు. ఆయన మాత్రం తన ముప్పై ఏళ్ళ సినిమా బతుకంతా చెప్పుకొచ్చాడు. తెర మీద హీరోయిన్ నడిస్తే ఆ అడుగుల చప్పుడు ఈయనదేనట. గుర్రాల్ని కొబ్బరి చిప్పలతో పరిగెత్తించేవాడట.

"చూసేవాళ్ళకి నేను గుర్తొచ్చానంటే నా పని చెడినట్టే" అన్నాడు.

"మా ఇంట్లో నా సంగతీ అంతేనండీ" అన్నాను.

ఈయనకో చాదస్తం ఉంది. ఏ చోట పని ముగించినా అందరి నోళ్ళూ మూయించి, అక్కడి నిశ్శబ్దాన్ని రికార్డు చేసేవాడు. మాటల మధ్య అతుకులు వేయడానికి అది కావాలట. ముందురోజు మేముంటున్న ఫ్లాట్‌లోనూ అదే పని చేశాడు.

మలుపు దగ్గర సైనికులు బండి ఆపారు. ఒకడు సీటు కింద టేపు మిషన్ బయటికి లాగి, "షిను హాదా?" అంటూ ఇదేమిటని అడిగాడు. "మా ఊరి పాటలు సార్" అన్నాను. వాడు హెడ్‌ఫోన్లు తగిలించుకుని మీట నొక్కాడు. టేపు చుట్ట తిరుగుతోంది, పాట లేదు. చెవులకి గట్టిగా అదుముకున్నాడు. అయినా లేదు. "ఖర్బాన్!" అని, చెడిపోయిందంటూ డబ్బాని మా ఒళ్ళో పడేసి, "యల్లా, రూహ్!" అని పొమ్మన్నాడు. అదేమీ చెడిపోలేదు. వాడు విన్నది మా ఫ్లాట్ నిశ్శబ్దం.

తోటలో ఓబులేసు ఎదురొచ్చాడు. "ఏమప్పా, ఇంత ఎండలో ఎట్ల వస్తిరి? రాండి, ముందు రెండు ముద్దలు తినండి." టమాటా కూర, ఖుబ్జు రొట్టె పెట్టాడు. కూర్చున్నాక మళ్ళీ లేవబుద్ధి కాలేదు.

పొద్దు వాలుతుండగా బదూ వచ్చాడు. బండిలో ఒక్కడికే చోటుంది, మిషన్ కుదరదన్నాడు. జెనారో దాన్ని ఓసారి నిమిరి ఓబులేసుకి అప్పగించి, ఒక్క టేపు చుట్ట మాత్రం రొంటిన దోపుకున్నాడు. "నువ్వు ఎక్కు, నేను రేపు వెళ్తా" అన్నాడు నాతో. నా పాస్‌పోర్టు కఫీల్ దగ్గర, అదే నా యజమాని దగ్గర ఉందని చెప్పి ఆయన్నే ఎక్కించాను. బండి కనుమరుగయ్యాక ఏడుపొచ్చింది. ఏడవడానికీ ఓపిక లేకపోయింది.

తర్వాత మన ఎంబసీ ఇచ్చిన కాగితంతో బాగ్దాద్, అమ్మాన్ మీదుగా బస్సుల్లో ఒళ్ళు హూనం చేసుకుని నేనూ ఇల్లు చేరాను. ఆయన సరిహద్దు దాటాడో, ఎడారిలో పోయాడో తెలియలేదు. ఏళ్ళు గడిచాక మా అమ్మాయి హైదరాబాద్‌లో ఓ బ్రెజిల్ సినిమాకి తీసుకెళ్ళింది. యుద్ధం అయిపోయిన చాలాకాలానికి తీసింది. కథ అయిపోయి జనం లేచిపోతున్నారు, చివర పేర్లు పడుతున్నాయి. చిట్టచివరి వరసల్లో, చిన్న అక్షరాల్లో, పాస్‌పోర్టులో నేను చూసిన ఆ పొడుగాటి పేరే, సౌండ్ అన్న మాట పక్కన. "దాటేశాడే! బతికే ఉన్నాడే!" అని అరిచాను. అమ్మాయి కంగారుపడి నా చెయ్యి పట్టుకుంది. వఫ్రా వెళ్ళేవాళ్ళకి నేను చెప్పేది ఒకటే: దారిలో ఎవరితోనైనా విడిపోయేటప్పుడు, క్షేమంగా చేరినట్టు కబురు ఎక్కడికి పంపాలో చెప్పుకోండి. ఆయన కబురు నాకు ఇన్నేళ్ళకి అందింది.