మరుపునీళ్ళలో ఒక లావు చుట్ట

పెళ్ళిచూపుల్లో అమ్మాయి అడిగిన ప్రశ్నకి జవాబు కోసం సముద్రం మీదికి వెళ్ళినవాడు నేను తప్ప ఇంకొకడు ఉండడనుకుంటాను. అమ్మాయి పేరు సత్యవతి, అరసవల్లిలో రైతు కుటుంబం, బళ్ళో టీచరు. కాఫీ గ్లాసు చేతికిస్తూ, "కళింగపట్నం దగ్గర సముద్రంలో మరుపునీళ్ళు ఉన్నాయట. వాటి మీదకెళితే రోజంతా క్షణంలా గడిచిపోతుందట. మా ఇంటికి చేపలు తెచ్చే నూకాలమ్మ చెప్తుంది. చిన్నప్పటి నుంచీ అడుగుతున్నాను, నన్నెవరూ పంపలేదు. మీరు చూసొచ్చి నిజమో కాదో చెప్పండి, అప్పుడు నా మాట చెప్తాను" అంది. నేను విజయనగరంలో ఒట్టి గుమాస్తాని. కాఫీ సగం తాగేసరికే ఆమె నాకు నచ్చేసింది.

వాళ్ళ నాన్న మాత్రం నవ్వలేదు. ఆదివారం సాయంత్రం ఇంకో సంబంధం వాళ్ళు తాంబూలాలు పుచ్చుకోవడానికి వస్తున్నారు. "ఇదిగో అబ్బాయ్, మా గోడ గడియారం ఐదు కొట్టేలోగా నువ్వొస్తే దాని మాట వింటాను. కొట్టిందా, ఆళ్ళకి మాటిచ్చేస్తాను. మరి నన్నేటీ అనకు" అన్నాడు.

ఆదివారం తెల్లవారుజామున ఐదున్నరకి శ్రీకాకుళంలో మొదటి బస్సు ఎక్కాను. కళింగపట్నానికి టిక్కెట్టు తొంభై పైసలు. ఏడింటికి దీపస్తంభం దగ్గర దిగి, ఇసుకలో దక్షిణంగా అరగంట నడిస్తే నూకాలమ్మ వాళ్ళ పల్లె వస్తుంది. ఉత్త చేతులతో వెళ్ళడం మర్యాద కాదని ముందురోజే బజారులో బొటనవేలంత లావు చుట్టలు ఒక కట్ట కొన్నాను. నూకాలమ్మ వాటిని చూసి మురిసిపోయింది. గంజన్నం, కాల్చిన ఎండుచేప పెట్టి, "తిను బాబూ, ఆ నీటి మీద ఆకలి తెలీదు. ఒడ్డుకొచ్చినాక పేగులు అరుస్తాయి" అంది.

ఆ పల్లెలో ఆడవాళ్ళు వేటకి వెళ్ళరు. మరుపునీళ్ళకి మాత్రం ఆడమనిషి లేకుండా తెప్ప కదలదు. అక్కడి ఆడవాళ్ళు అడ్డచుట్ట కాలుస్తారు, అంటే నిప్పు ఉన్న కొస నోట్లో పెట్టుకుంటారు. గాలికీ తుంపరకీ ఆరదు. పైగా చుట్ట అయిపోతే నిప్పు పెదవికి తగులుతుంది. ఆ నీళ్ళలో చేతి గడియారాన్ని నమ్మరు, పొద్దునీ నమ్మరు, పెదవి చురుక్కుమనగానే వెనక్కి తిప్పుతారు. "మనిషి మనసు మాయలో పడతాది గానీ, నోరు కాలితే ఎవులికైనా తెలిసిపోద్ది కదేటి!" అంది నూకాలమ్మ.

ఆమె తమ్ముడు ఎర్రయ్య తెడ్డు వేశాడు. తెప్పకి రెండు రూపాయలు. వానలు వెనకబట్టి గాలి పడిపోయిన కార్తీకంలోనే ఆ నీళ్ళు కనిపిస్తాయట. గంట ప్రయాణం తర్వాత కెరటాలు ఆగిపోయాయి. నాలుగెకరాల మేర నీళ్ళు బియ్యం కడిగిన కుడితిలా తెల్లగా, కదలకుండా ఉన్నాయి. నూకాలమ్మ నేనిచ్చిన చుట్ట ముట్టించింది. నా గడియారంలో ఎనిమిదీ నలభై.

తర్వాత ఏం జరిగిందో చెబితే నవ్వకండి. ఎర్రయ్య పదేళ్ళ పిల్లాడిలా ఎవరితోనో పీతల పందెం కాస్తూ కేరింతలు కొడుతున్నాడు. నేనేమో ఒక వంటింటి గుమ్మంలో ఉన్నాను. జుట్టు నెరిసిన ఒకావిడ నన్ను తిడుతోంది, "గొడుగు మళ్ళీ బస్సులో వదిలేశారా?" అని. నాకు గొడుగే లేదు. అయినా ఆ తిట్లు వింటుంటే చెప్పలేనంత హాయి. ఆవిడ ఇటు తిరిగింది. సత్యవతి!

అంతలో వీపు మీద ఒక్క చరుపు. "లెగండిరా, సుట్ట అయిపోనాది!" అని నూకాలమ్మ అరిచింది. నా లెక్కన రెండు నిమిషాలైంది. నీళ్ళు దాటి తలెత్తితే పొద్దు ఒడ్డువైపు వాలిపోయి ఉంది. గడియారంలో ఇంకా ఎనిమిదీ నలభయ్యే.

"ఎప్పుడూ సన్న సుట్ట కాలుస్తాను, అదయ్యీసరికి మజ్జానం అవుతాది. నువ్వు పేమగా తెచ్చినావని ఇది ముట్టించినాను బాబూ, పొద్దంతా మింగేసినాది" అని నూకాలమ్మ నొచ్చుకుంది. తప్పు నాది. ఆమెను ఓదార్చే తీరిక కూడా లేదు.

ఒడ్డు చేరి రోడ్డు మీదికి పరిగెత్తేసరికి మూడున్నర బస్సు వెళ్ళిపోయింది. ఉప్పు లారీ ఒకటి ఆగింది. "ఏటి మావా ఆ పరుగు, పెళ్ళికా సావుకా?" అన్నాడు డ్రైవరు. పెళ్ళికే అన్నాను. "అయితే ఎక్కు!" మిగిలిన చుట్టల కట్టే బాడుగ అయింది. శ్రీకాకుళంలో దిగితే దుకాణం గడియారంలో ఐదూ ఇరవై. గడువు దాటిపోయింది. అయినా కాళ్ళు ఊరుకోలేదు, రిక్షా ఎక్కేశాను.

అరసవల్లిలో దీపాలు పెడుతున్నారు. అరుగు మీద ఆ సంబంధం వాళ్ళు మూడోసారి కాఫీ తాగుతున్నారు. సత్యవతి నాన్న ఆకాశాన్నీ గోడనూ మార్చి మార్చి చూస్తూ, "చీకటి పడతన్నాది గానీ ఐదు కొట్టలేదు. మాటంటే మాటే కదా" అంటున్నాడు. గోడ గడియారంలో ఐదుకి పది నిమిషాలు తక్కువ.

"నిజమేనా?" అంది సత్యవతి గుమ్మంలోంచి.

"నిజమే. రెండు నిమిషాలున్నాను, పగలంతా పోయింది. మీరు కనిపించారు. జుట్టు నెరిసింది, నన్ను తిడుతున్నారు."

ఆమె పకపకా నవ్వింది. "అయితే నాకిష్టమే నాన్నా" అంది. ఆ సంబంధం వాళ్ళు మర్యాదగానే లేచారు. నాకు కాఫీ అందిస్తున్నప్పుడు చూశాను, పళ్ళెం కింద ఆమె వేళ్ళ మధ్య గడియారం తాళంచెవి ఉంది. గోడ మీద లోలకం కదలడం లేదు.

పెళ్ళై ఏడాదైంది. ఆ నీళ్ళలో చూసింది ముందు జరగబోయేదో, ఒట్టి భ్రమో నాకు తెలియదు. నిజం కావాలని మాత్రం రోజూ కోరుకుంటున్నాను. మీరు వెళ్ళేటట్టయితే నూకాలమ్మకి సన్న చుట్టలే పట్టుకెళ్ళండి, సాయంత్రానికి ఏ పనీ పెట్టుకోకండి. ఇది రాస్తుంటే లోపలి నుంచి సత్యవతి అడుగుతోంది, నిన్న కొన్న గొడుగు ఏదని. ఆమె జుట్టు ఇంకా నల్లగానే ఉంది. గొడుగు మాత్రం బస్సులో ఉంది.