నేను పెట్టని తలుపు

దయ్యాల కబుర్లు మొదలైతే లేచి వెళ్లిపోయే రకం నేను. ఇప్పటికీ అంతే. ఇది చదివి నవ్వుకునేవాళ్లు నవ్వుకోండి, జరిగింది మాత్రం జరిగింది.

ఊరంతా సాఫ్ట్‌వేర్ జోరు మీదున్న రోజులు. విజయనగరం నుంచి వచ్చి మారేడ్‌పల్లిలో ఒక చిన్న కంపెనీలో చేరాను. విదేశాల్లోని పాత భవనాల ప్లాన్లు మా కంప్యూటర్లకు ఉత్త గీతలుగా వచ్చేవి. వాటిని చూసి గోడలు, తలుపులు, మెట్లతో సహా మొత్తం భవనం మోడల్ తయారుచెయ్యడం మా పని. ప్లాన్‌లో లేనిది మోడల్లో ఉండకూడదు. ఉంటే తప్పుల రిజిస్టర్‌లో రాసి మన చేత సంతకం పెట్టించేవారు. మూడు సంతకాలైతే ఉద్యోగం పర్మనెంట్ కాదు.

నావి అప్పటికే రెండయ్యాయి. ఆ రెండూ నా తప్పులే, ఒప్పుకున్నాను.

మూడో గొడవ ఒక పాత ఆసుపత్రి మోడల్‌తో వచ్చింది. మా పని సరిచూసే యాదగిరి సార్ నన్ను పిలిచారు. సెల్లార్‌లో మెట్ల వెనక గోడకు ఒక తలుపు ఉంది. ప్లాన్‌లో అక్కడ ఉత్త గోడే.

"ఏందమ్మా, గీ డోర్ యాడికెళ్లి వచ్చింది?"

"నేను పెట్టలేదండి."

వెడల్పు ఏడువందల ముప్ఫై మిల్లీమీటర్లు. మా దగ్గర రెడీగా ఉండే తలుపుల్లో ఆ కొలతే లేదు. కావాలంటే పనిగట్టుకుని కొత్తది తయారుచెయ్యాలి. నాకేం పని?

ఆయన ఎదుటే దాన్ని తీసేసి, పక్కనే వంకరగా ఉన్న ఒక కిటికీ కూడా సరిచేసి, సేవ్ చేశాను. కంప్యూటర్ లాక్ చేసి ఇద్దరం కిందకెళ్లి చాయ్ తాగి వచ్చాం. ఫైల్ తెరిస్తే కిటికీ సరిచేసినట్టే ఉంది. తలుపు మాత్రం మళ్లీ ఉంది.

"పరేషాన్ జేస్తున్నది ఇది. సంతకం పెట్టెయ్ అమ్మా, అయిపోతది" అన్నారాయన.

పెట్టనన్నాను. మేనేజర్ పిలిచి కేకలేశారు. ఇంట్లో నా జీతమే ఆధారం. అయినా పెట్టలేదు. ఇంకో రెండుసార్లు తీసినా తలుపు పోలేదు. గడువు ముంచుకొచ్చి మోడల్ దాంతోనే వెళ్లిపోయింది.

పది రోజులకు ఆ ఆసుపత్రి నుంచి ఒక ఫోటో వచ్చింది. సెల్లార్ మెట్ల వెనక గోడకున్న ప్లాస్టర్ పగలగొడితే, ఎప్పుడో ఇటుకలతో మూసేసిన తలుపు బయటపడింది. టేపు పట్టి చూపించారు. ఏడువందల ముప్ఫై. మీకెలా తెలిసిందని మెచ్చుకుంటూ అడిగారు.

మేనేజర్ ముఖం వెలిగిపోయింది. "గోడ మందం చూసి ఊహించానని రాసిచ్చెయ్. ఈ నెలలోనే పర్మనెంట్ చేయిస్తా" అన్నారు.

తప్పన్నప్పుడు నాది కాని తలుపు, మెచ్చుకునేసరికి నాదెలా అవుతుంది? "ఆ తలుపు నేను పెట్టలేదు" అని ఒక్క వాక్యం రాసి, కింద సంతకం చేసి ఇచ్చాను.

నన్ను పర్మనెంట్ చేయడం ఇంకో ఆరు నెలలు వాయిదా వేశారు. వేసుకోమన్నాను. దాన్ని ఎవరు పెట్టారో, ఎందుకు పెట్టారో నాకు ఈనాటికీ తెలియదు. తెలిసినట్టు మాత్రం నటించను.