గీత మన్ను

మా వీరేష్‌ను కుంటోడా అని పిలిచిన వాళ్ళకు నా బజ్జీల బండి దగ్గర చోటు లేదు. బెళుగుప్ప బస్టాండులో ఈ సంగతి అందరికీ తెలుసు. ఒకసారి కొత్తగా వచ్చిన కండక్టరు తెలియక ఆ మాట అనేశాడు. మిరపకాయ బజ్జీల పొట్లం అతని చేతిలోంచి వెనక్కి లాక్కున్నాను.

"ఏమక్కా, ఊరికే అన్న్యా" అని నసిగాడు.

ఊరికే అనేదేంది? నా తమ్ముడి కాలు ఊరికే పోయిందా? కూర్చో, విను అన్నాను. ఆ పొద్దు కళ్యాణదుర్గం బస్సు ఆలస్యంగానే కదిలింది. కదలనీ.

మా నాయన బసప్ప గొర్రెల కాపరి. వేరుశనగ పీకేశాక చేలు ఖాళీ అవుతాయి కదా, అప్పుడు రైతులు మా గొర్రెలను తమ చేలో రాత్రిళ్ళు పడుకోబెట్టమని అడుగుతారు. గొర్రెల ఎరువు పడిన నేల మరుసటి ఏడు బాగా పండుతుంది. దీన్నే మంద కట్టడం అంటారు. చీనీ తోట, బోర్లు, రాజకీయం అన్నీ ఉన్న మల్లికార్జున చేలోనే నాయన ఏటా మొదటి మంద కట్టేవాడు. ఆ మల్లికార్జున కొడుకు నరేంద్ర, మా వీరేష్ ఒకే ఈడు వాళ్ళు. ఇద్దరికీ కబడ్డీ పిచ్చి. వీరేష్ కూతకు పోతే గాలి. నరేంద్రది పట్టు. ఎదుటివాడి చీలమండ కనబడితే చాలు, వాడి చేతులు వాడి మాట వినవు, దూకి పట్టేస్తాయి.

మా ఊరి కబడ్డీలో ఒక కట్టుబాటు ఉంది. కూతకు వచ్చినవాణ్ణి పట్టుకున్నప్పుడు, వాడి చెయ్యి నడిమి గీతకు తగిలిందా లేదా అని తగువు వస్తే, పట్టుకున్నవాడే తీర్పు చెప్పాలి. గీత మీది మన్ను కాస్త తీసి పిడికిట్లో పట్టుకుని, తగిలింది అనో తగల్లేదు అనో చెప్పాలి. ఆ తర్వాత అంపైరు కూడా నోరెత్తడు. మా నాయన వయసులో ఉండగా అట్లా మన్ను పట్టుకుని నిజం చెప్పి తన జట్టునే ఓడగొట్టాడట. ఆ గొప్ప ఇప్పటికీ చెప్పుకుంటాడు. గీత మన్ను చేతిలో ఉండగా మనిషి పుట్టుక పుట్టినవాడు అబద్ధం చెప్పడని ఆయన నమ్మకం. నమ్మకం కాదు, మొండితనం.

జిల్లా జట్టుకు మనుషుల్ని ఎంచుకునే రోజు రానే వచ్చింది. చివరి కూత వీరేష్‌ది. నరేంద్ర దూకి వాడి ఎడమ చీలమండ పట్టాడు. వీరేష్ కింద పడుతూనే ఒళ్ళంతా సాగదీశాడు. వేళ్ళు గీత దాటి అవతలి మన్నులో దిగబడ్డాయి. నేను కళ్ళారా చూశాను. అంపైరు బయ్యన్నకు వాళ్ళ వీపులు అడ్డం వచ్చాయి.

"ఏమప్పా నరేంద్రా, మన్ను పట్టుకోని చెప్పు" అన్నాడు.

నరేంద్ర మన్ను తీశాడు. కుర్చీలో కూర్చున్న వాళ్ళ నాయన వైపు ఒక్కసారి చూశాడు. "తగల్లే" అన్నాడు.

"అబద్ధం!" అని వీరేష్ అరిచాడు. "తగిలినాది నాయనా! నువ్వన్నా నమ్ము!"

నాయన గుంపులోంచి వచ్చి, ఊరంతా చూస్తుండగా వాడి చెంప పగలగొట్టాడు. "మన్ను పట్టుకోని చెప్పినోన్ని అబద్దాలోడంటావా? నీకు సిగ్గు లేదా?" అన్నాడు. మల్లికార్జున కొడుకు మెడలో దండ వేసి ఇంటికి తీసుకుపోయాడు.

ఆ ఒక్క మాటతో వీరేష్ అవుటయ్యాడు, జట్టులో చోటు నరేంద్రకు పోయింది. నరేంద్ర జిల్లాకు ఆడాడు, రాష్ట్రానికి ఆడాడు, ఆటగాళ్ళ కోటాలో గుంతకల్లు రైల్వేలో ఉద్యోగం కొట్టాడు. మా వాడు అదే గుంతకల్లు గూడ్సు షెడ్డులో సిమెంటు బస్తాలు మోశాడు. నరేంద్ర ఇస్త్రీ చొక్కా వేసుకుని ఆ పక్కనుంచే ఆఫీసుకు పోయేవాడు. నాకైతే ఆ చొక్కా మీద సలసల కాగే నూనె పోయాలని ఉండేది.

వీరేష్ మాత్రం ఒకటే అనేవాడు. "అక్కా, వాని ఉద్యోగం నాకొద్దు. వాని నోటితోనే నాయనకు నిజం చెప్పిచ్చాల. అది తప్ప నాకేం వద్దు." ఇంట్లో ఆ ఊసెత్తితే నాయన గొంగడి భుజాన వేసుకుని లేచిపోయేవాడు. ఒకే ఇంట్లో ఉంటూ కొడుకును అబద్ధాలకోరుగానే చూశాడు. కొడుకు ఆట మళ్ళీ చూడలేదు.

అమెరికన్ ఫుట్‌బాల్ ఆటకు మన దగ్గర కొత్తగా జీతాల జట్లు పెట్టినప్పుడు, ఆ ఆట ఇక్కడెవరికీ రాదు కాబట్టి, కబడ్డీవాళ్ళనూ కుస్తీవాళ్ళనూ వెతుకుతూ మనుషులు ఊళ్ళు తిరిగారు. కదిరి కబడ్డీ పోటీల్లో మా వాణ్ణి చూశారు. గడప దాటాలంటే తల వంచాల్సిన ఎత్తు, బస్తాలు మోసిన భుజాలు. బెంగళూరు జట్టులోకి తీసుకుపోయారు.

పేరుకే అది ఫుట్‌బాల్, కాలితో ఆడేది తక్కువ. మామిడికాయ మాదిరి బంతిని చంకలో పెట్టుకుని, అడ్డం వచ్చినవాళ్ళను తప్పించుకుని, అవతలి చివరి గీత దాటించాలి. బంతి గాల్లోనే గీత దాటినా చాలు, కానీ అంతకుముందే ఎదుటివాడు పట్టి మోకాలు నేలకు ఆనిస్తే ఆట అక్కడే ఆగిపోతుంది. మా వాడి స్థానాన్ని టైట్ ఎండ్ అంటారు. వరుస చివర నిలబడి ఎదుటి జట్టును నెట్టి తన జట్టువాడికి దారి చేయాలి. ఎప్పుడో ఒకసారి వాళ్ళ కన్నుగప్పి తానే ముందుకు ఉరికి బంతి పట్టాలి.

"అంటే ఏందిరా? ఒకడు పరిగెత్తనీకి నువ్వు దుమ్ము తినేదా? ఆడ కూడా అదే బతుకా?" అని ఫోన్లోనే దులిపేశాను.

"అట్లే అనుకో అక్కా. ఎవడో ఒకడు తినాల గదా" అని నవ్వాడు.

మొదట్లో వాడికి నరకం. ఆ ఆటలో అరచేతులతో నెట్టవచ్చు, పట్టుకోకూడదు. బంతి లేని మనిషిని పట్టుకుంటే అంపైరు పసుపు గుడ్డ విసురుతాడు, తప్పు చేసిన జట్టు నష్టపోతుంది. కబడ్డీ చేతులు పట్టుకోకుండా ఉంటాయా? మా వాడు అడుగడుగునా గుడ్డ వేయించుకున్నాడు. చివరికి కోచ్ వాడి రెండు పిడికిళ్ళలో టెన్నిస్ బంతులు పెట్టి, అవి జారకుండా మనుషుల్ని నెట్టమన్నాడు. నెలల తరబడి అట్లా నెట్టి నెట్టి, చేతులకు పట్టు మరపించాడు.

అట్లా ఒక ఏడు ఆడాడు. వాడు దారి చేస్తే ఇంకొకడు పరిగెత్తాడు, పేపర్లో ఆ ఇంకొకడి ఫొటో వచ్చింది. మా వాడి చిటికెన వేలు విరిగి వంకరగా అతుక్కుంది. జట్టులో వాడిని గోడ అని పిలిచేవాళ్ళు. గోడకు ఫొటో ఎవరు తీస్తారు?

రెండో ఏడు హైదరాబాద్ జట్టులోకి నరేంద్ర వచ్చాడు. రైల్వేలో సెలవు పెట్టి మరీ వచ్చాడు. కొడుకు నవ్వుతున్న ఫ్లెక్సీ ఒకటి మల్లికార్జున బస్టాండులో కట్టించాడు. సరిగ్గా నా బండికి ఎదురుగా! రోజూ ఆ పళ్ళు చూస్తూ బజ్జీలు వేయాల్సిన ఖర్మ పట్టింది నాకు. ఆ రెండు జట్లకూ బెంగళూరులో ఆట ఉందని తెలిసి వీరేష్ ఫోన్ చేశాడు.

"అక్కా, నాయనను పిల్చకరా. ఎట్లన్నా చేసి పిల్చకరా. గీత పక్కనే సీట్లు పెట్టిస్తా."

"నేను రాను, గొర్రెలు ఉండాయి" అన్నాడు నాయన.

"గొర్రెలకు ఎర్రన్నను పెట్టినా. లెయ్" అన్నాను. నా మొహం చూసి లేచాడు.

ఆట మొదలైంది. మా వాడు వరుస చివర, వాడికి ఎదురుగా నరేంద్ర. బంతి కదలగానే వీరేష్ దాని సంగతే పట్టనట్టు నరేంద్ర మీదికి ఉరికాడు. చెయ్యి చాచాడు, అచ్చం కూతకు వచ్చినవాడి మాదిరి. పెదాలు కదులుతున్నాయి. మాకు వినబడలేదు కానీ చూస్తే తెలిసింది. కబడ్డీ, కబడ్డీ, కబడ్డీ. పక్కనుంచి దాటిపోతూ ఎడమ కాలు కాస్త వెనక వదిలాడు.

నరేంద్ర దూకి చీలమండ పట్టాడు!

పసుపు గుడ్డ పడింది. బంతి వీరేష్ దగ్గర లేనే లేదు, ఎక్కడో ఇంకొకడి చేతిలో ఉంది. శిక్షగా మా జట్టును ముందుకు జరిపారు. నరేంద్ర తన చేతుల వంక తానే చూసుకున్నాడు. మళ్ళీ అదే ఎర వేశాడు మా వాడు. మళ్ళీ దూకాడు వాడు. మళ్ళీ గుడ్డ. నాకు పొట్ట చెక్కలయ్యేంత నవ్వు. వాళ్ళ కోచ్ గీత పక్కకు పిలిచి నరేంద్రను నానా తిట్లు తిట్టాడు. తమ్ముడికి టెన్నిస్ బంతులతో పోయిన రోగం వీడికింకా పోలేదు. చిన్నప్పటి నుంచి పక్కన ఆడినవాడు కదా, వీడి చేతుల గుట్టు వీరేష్‌కు తప్ప ఇంకెవరికి తెలుసు?

చివరికొచ్చేసరికి మా జట్టు కొద్దిలో వెనకబడి ఉంది. ఆఖరి అవకాశం. వీరేష్ మళ్ళీ కూత పెడుతూ వచ్చాడు. ఈసారి నరేంద్ర పళ్ళు బిగించి రెండు చేతులూ వెనక్కి లాక్కున్నాడు. అంతే కావాలి మా వాడికి. దాటిపోయి వెనక్కి తిరిగాడు, బంతి వచ్చి గుండెల మీద పడింది. మోసపోయానని తెలిసి నరేంద్ర వెనకనుంచి దూకాడు. అదే ఎడమ చీలమండ. పట్టి, కసికొద్దీ మెలితిప్పాడు. వీరేష్ మోకాలు నేలకు ఆనకముందే ఒళ్ళంతా సాగదీసి, చేతిలో బంతిని తెల్ల గీత దాటించాడు. ఆ తర్వాతే పడ్డాడు. వాడి అరుపు నాకిప్పటికీ చెవుల్లో ఉంది.

నరేంద్ర లేచి అంపైరు మీదికి పోయాడు. "మోకాలు ముందే ఆనింది! గీత దాటలే! దాటలే!" అని మన భాషలోనే అరుస్తున్నాడు. పైన పెద్ద తెర మీద అదంతా మళ్ళీ నిదానంగా వేశారు. గాల్లో మోకాలు, గీతకు అవతల బంతి. అంపైరు రెండు చేతులూ పైకెత్తాడు. గెలిచాం.

నాయన లేచి నిలబడ్డాడు. తెర వైపు చూశాడు, నరేంద్ర వైపు చూశాడు. నా వైపు తిరిగాడు. "సరళా, ఆ పొద్దు కూడా ఇట్లనేనా?"

"ఇట్లనే! ఇన్నేండ్లూ చెవి దగ్గర మొత్తుకోలేదా నేను?" అన్నాను. జాలి పడలేదు. ఎందుకు పడాలి?

ఆయన కమ్మీ దాటి లోపలికి దిగిపోయాడు. వెనకే నేను. గార్డులు అడ్డం వస్తే నేను నోరు తెరిచాను, తప్పుకున్నారు.

వీరేష్ గీత మీదే కూర్చుని ఉన్నాడు. కాలు అప్పటికే కుండ మాదిరి ఉబ్బింది. పక్కనుంచి పోతున్న నరేంద్ర మణికట్టు పట్టుకున్నాడు. అదీ పట్టు! ఇన్నాళ్ళూ బిగించనివ్వని పట్టంతా ఆ చేతిలో ఉంది.

"వదలరా" అన్నాడు నరేంద్ర.

"ఈల అయిపోయినాది. ఇప్పుడు పట్టుకుంటే తప్పు లేదు" అన్నాడు వీరేష్. రెండో చేత్తో గడ్డితో పాటు గీత మన్ను పెకలించి వాడి అరచేతిలో కుక్కాడు. "చెప్పు నరేంద్రా." ఒకే ఈడైనా, పెద్దింటివాడని ఎదురుగా ఎప్పుడూ అన్నా అనేవాడు. పేరుతో పిలవడం అదే మొదటిసారి.

"పాయింట్లు ఇచ్చినారు గదరా, ఇంకేం కావాల నీకు?"

"ఈ గీత కాదు. మనూరి గీత."

కెమెరావాళ్ళు వస్తున్నారు. వాడి జట్టువాళ్ళు వింతగా చూస్తున్నారు. నరేంద్ర గుంజుకున్నాడు, పట్టు ఊడలేదు. ఏదో గొణిగాడు.

"నాకు కాదు, మా నాయనకు చెప్పు. గట్టిగా."

నరేంద్ర తల ఎత్తితే ఎదురుగా నాయన. "తగిలినాది మామా" అన్నాడు. "వీరేష్ చెయ్యి గీత దాటింది. నేనే అబద్ధం చెప్పినా."

నాయన వాడి పిడికిలి విప్పి, ఆ మన్ను తీసుకుని, తువ్వాలు కొంగున ముడి వేసుకున్నాడు. తర్వాత కింద కూర్చుని కొడుకు బూటు తాళ్ళు విప్పసాగాడు. ముడి రాకపోతే పళ్ళతో లాగాడు. వీరేష్ ఏడ్చాడు. నేనూ ఏడ్చాను, కానీ నాది కోపంతో.

ఆ కాలు మళ్ళీ పరుగుకు పనికిరాలేదు. టైట్ ఎండ్‌గా వాడి ఆట ఆ గీత మీదే అయిపోయింది. ఇంటికి వచ్చిన మర్నాడు నాయన వాడికి కర్ర చేతికిచ్చి, నన్నూ వెంటబెట్టుకుని మల్లికార్జున చేనికి పోయాడు. వేరుశనగ పీకేసి ఉంది. మందకోసం మా దారే చూస్తున్నాడు ఆయన.

"ఏం బసప్పా, ఎప్పుడు తోల్తావు గొర్రెల్ని?"

నాయన తువ్వాలు ముడి విప్పి, ఆ మన్ను ఆయన కాళ్ళ ముందు పోశాడు. "నా కొడుకు నిజం చెప్పినాడు, నేను కొట్టినా. నీ కొడుకు అబద్ధం చెప్పినాడు, నువ్వు దండేసినావు. ఈ మన్నే పెట్టుకో నీ చేనికి. నా మంద ఇంక ఈ గట్టు దాటదు."

ఆ సాయంత్రమే మంద ఓబిలేష్ చేలోకి మళ్ళింది. కొడుకు అందుకోలేడని నాయన గొర్రెల్ని నిదానంగా తోలాడు. ఇప్పటికీ అట్లాగే తోలుతాడు. వీరేష్ కుంటుతూ ఆయన పక్కనే నడుస్తాడు, మల్లికార్జున చేను వచ్చినప్పుడు అటు చూడనైనా చూడడు. వాడికి కావాల్సింది వాడికి దక్కింది.

నేను అంత మంచిదాన్ని కాదు. ఆ చేను ఏటేటా పలచబడుతోంది. బస్సులో ఆ దారిన పోయినప్పుడల్లా కిటికీ పక్క సీటే అడిగి కూర్చుంటాను.